కింది అంతస్తు నుంచి మెయిలు

లాండ్రీ నుంచి మళ్ళీ టికెట్ వచ్చింది. "మెయిలు పోవడం లేదు" అని ఒక్క ముక్క రాసి ఊరుకున్నారు.

ఆ ఆసుపత్రిలో ఎవరి కంప్యూటరు మొరాయించినా ముందు టికెట్ పెట్టాలి. అంటే కంప్యూటర్ల విభాగంలో ఫిర్యాదు నమోదు చేయాలి. ఆ ఫిర్యాదులు చూసి బాగుచేసేది ఆమె. అది మానేసి దారిలో అడ్డంపడి, ప్రింటరు కాగితం మింగేసిందనీ తెర నల్లబడిందనీ మొరపెట్టుకునే డాక్టర్లనూ నర్సులనూ ఆమె నడక ఆపకుండానే "టికెట్ పెట్టారా?" అని అడిగేది. అలా అడిగీ అడిగీ టికెట్టమ్మ అయి కూర్చుంది. మొదట్లో చిరాకు పడింది. ఒకరోజు నర్సుల గది తలుపు మీద "టికెట్టమ్మ వచ్చేదాకా ఏమీ నొక్కవద్దు" అని అంటించిన చీటీ చూశాక నవ్వొచ్చి, ఇక ఆ పేరుతోనే సర్దుకుపోయింది.

లాండ్రీ నేలమాళిగలో ఉంది. మెట్లు దిగుతుంటేనే వేడి ముఖానికి కొట్టింది. లోపల ఒక వైపు దుప్పట్లు ఉతికే పెద్ద డ్రమ్ములు, మధ్యలో ఇస్త్రీ యంత్రం. నిలువెత్తు రోలరు ఆవిరితో కాగిపోతూ తిరుగుతుంటే ఇద్దరు ఆడవాళ్ళు తడి దుప్పటి కొసలు పట్టి దాని నోటికి అందిస్తున్నారు, అవతలి వైపు ఇంకో ఇద్దరు అందుకుని మడత పెడుతున్నారు. ఆ రొదలో మాటలు వినపడవు. కనుబొమలతోనూ గడ్డాలతోనూ మాట్లాడుకుంటారు.

ఆ రొదను మించి వినపడే గొంతు ఒక్క అక్కదే. లాండ్రీ బాధ్యత ఆమెది. భుజాన తువ్వాలు, ముక్కు చివర చెమట బొట్టు. ఆసుపత్రి మొత్తానికీ ఆమె అక్కే.

"వచ్చావా తల్లీ. కుర్చీ లేదు, ఆ దుప్పట్ల మూట మీద కూర్చో. మెత్తగానే ఉంటుంది."

"ఏ మెయిలు పోవట్లేదక్కా?"

"నేను రాసేది ఒక్కటే మెయిలు. అదే పోవట్లేదు."

మూలనున్న చిన్న బల్ల మీద, దూది పేరుకున్న కంప్యూటరు. టికెట్టమ్మ ముందు కీబోర్డును తిరగేసి దులిపింది. తర్వాత మెయిలు తెరిచింది. పంపాల్సిన మెయిలు బయటికి వెళ్ళకుండా గడపలోనే ఆగి ఉంది. ఆసుపత్రి భద్రతా కమిటీకి రాసినది. దాంతోపాటు బోలెడు ఫొటోలు, ఒక్కొక్కటీ గోడకు వేలాడేసేంత పెద్దది.

"ఇవి మరీ బరువక్కా. అందుకే కదలట్లేదు. చిన్నవి చేస్తాను."

ఫొటోలు ఒక్కొక్కటే తెరిచి కుదిస్తుంటే అందులో ఏముందో చూడక తప్పలేదు. ఇస్త్రీ రోలరుకు ముందు అడ్డంగా ఉండాల్సిన ఇనుప కడ్డీ. దాన్ని రెండు చివర్లా తీగతో కట్టేశారు. అన్ని ఫొటోలూ అవే, వేరే వేరే వైపుల నుంచి.

"అదేంటి?"

"చెయ్యి పొరపాటున లోపలికి పోతే ఆ కడ్డీకి తగులుతుంది. తగిలితే కడ్డీ పైకి లేచి యంత్రం ఆగిపోతుంది. ఎండాకాలంలో అది ఊడింది. వచ్చిన మెకానిక్కు సామాను లేదని తీగతో బిగించి పోయాడు. బిగించింది లేస్తుందా? లేవదు." అక్క గడ్డంతో అటు చూపించింది. "లేవలేదు కూడా."

దిండు గలీబుల గుట్ట వెనక ఒక సన్నటి మనిషి కూర్చుని ఉంది. కుడి చేతికి మోచేయి దాకా తెల్లటి కట్టు. గలీబు ఒక కొస గడ్డం కింద నొక్కిపెట్టి, ఎడమ చేత్తో రెండో కొస లాగి మడుస్తోంది. వాగుడు ఎక్కువని అందరూ ఆమెను పిచ్చుక అంటారు. ఆ రోజు ఒక్క మాటా మాట్లాడటం లేదు.

"ఇంట్లో ఉండకుండా ఎందుకొచ్చింది? డాక్టరు సెలవు రాయలేదా?"

"రాశాడు. విచారణ తేలేదాకా సెలవు లెక్కలోకి రాదంట. రాకపోతే మానేసినట్టు రాసుకుంటారంట. అందుకని రోజూ వచ్చి ఇట్లా కూర్చుంటోంది."

"విచారణ ఎప్పుడు?"

"ఎల్లుండే. కడ్డీ ఊడిందని నేను ఎవరికీ చెప్పలేదంట. చెప్పకుండా మనుషుల్ని యంత్రం మీద పెట్టానంట. నాదీ తప్పే, అజాగ్రత్తగా ఉన్నందుకు దానిదీ తప్పే. పరిపాలనాధికారి గారు అప్పుడే తేల్చేశారు, కమిటీ ముందు పాడటమే మిగిలింది." అక్క కంప్యూటరు నెత్తిన చేయి వేసింది. "ఎవరికీ చెప్పకపోవడమేంటి? దీనికి చెప్పాను. ఎండాకాలం నుంచీ చెప్తూనే ఉన్నాను."

ఫొటోలు కుదిరాయి. టికెట్టమ్మ నొక్కగానే మెయిలు గడప దాటి, పోయినవాటి అరలోకి చేరింది.

"పోయిందక్కా."

అక్క మొహంలో ఏ వెలుగూ రాలేదు. "ఫొటోలు లేకుండా రాసినవి ఇంతకు ముందూ ఇట్లాగే పోయాయి. పోయిందని ఇది చెప్తుంది. అందిందని అటునుంచి ఒక్కరూ చెప్పరు. నేను అడిగింది అందుకమ్మా. పోవడమంటే చేరడం కాదా?"

ఆ ప్రశ్న టికెట్టమ్మకు గుచ్చుకుంది. ఫోను తీసి కమిటీ గుమస్తాను అడిగింది. రాలేదన్నాడు. చెత్త మెయిళ్ళ అర చూడమంది. అక్కడా లేదన్నాడు. లాండ్రీ కంప్యూటరు నుంచే తనకొకటి పంపుకుంది. క్షణంలో ఆమె ఫోను మోగింది. కమిటీకి మళ్ళీ పంపింది. గుమస్తా ఇంకా లైనులోనే ఉన్నాడు.

"ఏదీ, రాలేదండీ" అన్నాడు.

*

పై అంతస్తులో తన బల్ల దగ్గర కూర్చుని, మెయిళ్ళు ఏ దారిన వెళ్ళాయో చూపించే పేజీ తెరిచింది. ప్రతి మెయిలు వెనకా జాడ ఉంటుంది, ఎక్కడ బయలుదేరింది, ఎక్కడ మలుపు తిరిగింది, ఎక్కడ దిగింది అని. లాండ్రీ మెయిలు సర్వరు దాకా చక్కగా వచ్చింది. ఆ తర్వాత "నిలిపి ఉంచబడింది" అని ఉంది. దాని కింద ఉన్నదీ అంతే. దాని కిందదీ అంతే. తెరను పైకి జరుపుతూ పోతే ఎండాకాలం దాకా వెళ్ళింది.

సర్వరు తనంతట తాను ఏ మెయిలునూ ఆపదు. ఎవరో ఆపమంటేనే ఆపుతుంది. ఆమె రూళ్ళ పేజీ తెరిచి వెతికింది. ఉంది. లాండ్రీ, వంటశాల, పారిశుద్ధ్యం, ఈ మూడు చోట్ల నుంచి కమిటీకీ డైరెక్టరుకీ వెళ్ళేవన్నీ పక్కన ఆపి ఉంచాలి. పంపినవాళ్ళకు ఆ సంగతి తెలియజేయక్కర్లేదు. పెట్టినవారి పేరు దగ్గర సారు పేరుంది.

సారు ఆ విభాగానికి పెద్ద. ఆమె చేరిన రోజు నుంచి పని నేర్పినవాడు. రోజూ ఫ్లాస్కులో టీ తెచ్చుకుని, మూతలో పోసి సగం ఆమెకు ఇచ్చేవాడు. ఆ వేళా మూత ముందుకు జరిపాడు. ఆమె అందుకోలేదు.

"సార్, ఈ రూలు మీరు పెట్టారా?"

తెర వంక చూశాడు. కళ్ళజోడు తీసి చొక్కా అంచుతో తుడుచుకున్నాడు. తుడవాల్సినంత మురికి దానికేం లేదు.

"పరిపాలనాధికారి గారు అడిగారు. కింద వాళ్ళు అయినదానికీ కానిదానికీ కమిటీకి రాసి ప్రాణం తీస్తున్నారు, ముందు ఆపండి, నేను చూసి అవసరమైనవి పంపిస్తాను అన్నారు. చూస్తారనుకున్నాను."

"చూశారా?"

"చూశారో లేదో నేనెలా అడుగుతాను?"

"ఒక మనిషి చెయ్యి పోయింది సార్."

"పోలేదు. కాలింది" అన్నాడు. అని, తన మాట తనకే రుచించనట్టు టీ గుక్క వేశాడు. కాసేపటికి గొంతు తగ్గించాడు. "ఆ టికెట్ మూసెయ్యి. ఫొటోలు బరువై పోలేదు, పంపడం సరిగా తెలియక జరిగింది, సరిచేశాం అని రాయి. అబద్ధం కాదు కదా. ఫొటోలు బరువేగా."

"ఎల్లుండి కమిటీలో చూపించడానికి అదే కావాలా వాళ్ళకి? లాండ్రీ ఆమెకు మెయిలు పంపడం చేతకాదు అని?"

సారు కళ్ళజోడు మళ్ళీ పెట్టుకున్నాడు.

"అది సగం నిజం సార్. మిగతా సగం అక్క మెడకు చుట్టుకుంటుంది."

"నీ మెడ సంగతి చూసుకో ముందు. నా మెడ సంగతి కూడా."

"నేను మూయను."

"ఏమిటీ?"

"టికెట్ మూయను సార్. మెయిలు పోవట్లేదని పెట్టారు. ఇప్పటికీ పోవట్లేదు. పని అవకుండా ఎలా మూస్తాను?"

ఇన్నేళ్ళలో ఆయన ముందు ఆమె గొంతు ఇలా పలకడం ఇదే మొదలు. ఎవరో వేరే మనిషి మాట్లాడినట్టనిపించింది ఆమెకే. టీ మూత అలాగే బల్ల మీద చల్లారిపోయింది.

*

ఇంటికి వెళ్ళేసరికి మొగుడు పెరటి కుళాయి దగ్గర సబ్బు పొడితో చేతుల గ్రీజు వదిలించుకుంటున్నాడు. లిఫ్టు మెకానిక్కు అతను. అత్తమ్మ గుమ్మంలో కాళ్ళు చాపుకుని బఠాణీలు వొలుస్తోంది. ఆమె చెప్పిందంతా ఇద్దరూ విన్నారు.

"నీకెందుకే ఈ గొడవ" అన్నాడు మొగుడు. "ఆపమన్నది వాళ్ళు, ఆపింది ఆయన. మధ్యలో నువ్వెవరు? పైవాళ్ళతో పెట్టుకుని బాగుపడ్డవాళ్ళని ఒక్కర్ని చూపించు."

అత్తమ్మ బఠాణీ ఒకటి నోట్లో వేసుకుంది. "అవునవును. తాడు అరిగిన లిఫ్టుకు బాగుందని సంతకం పెట్టనని అలిగి వచ్చి, వారం రోజులు ఇంట్లో నా నెత్తిన కూర్చున్నదెవరో గానీ, ఆయనా బాగుపడలేదు పాపం."

"అది వేరమ్మా. అందులో మనుషులు ఎక్కుతారు."

"మరి ఇందులో?"

అతను మోచేతుల దాకా నురగతో రుద్దుకుంటూ ఉండిపోయాడు. నీళ్ళు పోసుకుని, తువ్వాలు కోసం చూస్తే భార్యే అందించింది.

"సరే" అన్నాడు తుడుచుకుంటూ. "చేసేది గట్టిగా చెయ్యి. నోటిమాటలు నిలబడవు. ఏం చూశావో అది రాసి పంపు. నీ పేరుతోనే పంపు. ఉద్యోగం పీకితే అప్పుడు చూసుకుందాం."

"నేనెట్లాగూ ఇంట్లోనే ఉంటాను" అంది అత్తమ్మ. "పేకాటకు మనిషి తక్కువవుతోంది."

*

మర్నాడు పొద్దున్నే టికెట్లో ఉన్నది ఉన్నట్టు రాసింది. లాండ్రీ నుంచి కమిటీకి పంపే మెయిళ్ళు సర్వరులో ఒక రూలు వల్ల ఆగుతున్నాయి. పంపినవారి పొరపాటు లేదు. రూలు తీసేదాకా ఈ టికెట్ తెరిచే ఉంటుంది. అవే మాటలు మెయిలుగా కమిటీకి పంపింది.

గంట తిరగకుండా పరిపాలనాధికారి గదికి పిలుపొచ్చింది. చల్లటి గది. పెద్ద బల్ల మీద ఒక్క కాగితం కూడా లేదు. ఆయన కుర్చీ చూపించి, మంచినీళ్ళు తెప్పించి మరీ మాట్లాడాడు.

"తెలివైన అమ్మాయివి. మీ సారు రిటైరైతే ఆ కుర్చీ ఎవరిదో నేను వేరే చెప్పక్కర్లేదు. ఎవరు ఏం ఆపారు, ఎందుకు ఆపారు, ఇవన్నీ నీ స్థాయి విషయాలు కావమ్మా."

"ఎవరు ఆపారో నేను రాయలేదు సార్. ఆగిందని రాశాను. మెయిలు ఎక్కడ ఆగిందో చెప్పడమే నా ఉద్యోగం."

"పాత భవనంలో సామాన్ల గది ఒకటుంది. పాడైన కంప్యూటర్లన్నీ అక్కడే పడి ఉన్నాయి. వాటిని చూసేవాళ్ళు లేరు."

"ఎప్పుడు వెళ్ళమంటారు?"

ఇంత తేలిగ్గా ఒప్పుకుంటుందని ఆయన అనుకున్నట్టు లేదు. కాస్త ఆగి, "ఇవాళే" అన్నాడు.

ఆమె లేచి నిలబడింది. "వెళ్తాను. టికెట్లో రాసింది మాత్రం మార్చను."

బల్ల దగ్గరికి వచ్చి చూస్తే పాస్‌వర్డు పనిచేయలేదు. పొద్దున ఆమె పంపిన మెయిలు ఏమైందోనని గుమస్తాకు ఫోను చేసింది.

"మీ దగ్గర్నుంచా? ఏం రాలేదే" అన్నాడతను. "మీదీ పోవట్లేదా? టికెట్ పెట్టారా మరి?"

ఆ రూలులో తన పేరూ చేర్చేశారన్నమాట. ఫోను పెట్టేశాక ఆమెకు నవ్వాగలేదు. పక్క బల్లల వాళ్ళు తలలెత్తి చూశారు. నవ్వీ నవ్వీ కళ్ళు తుడుచుకుని, బల్ల మీది సొంత కత్తెరా, స్క్రూడ్రైవర్లూ సంచిలో వేసుకుంది. సామాన్ల గదికి వెళ్ళే ముందు నేలమాళిగ మెట్లు దిగింది.

అక్కకు అంతా చెప్పింది. యంత్రం పక్కన నిలబడి, చెవి దగ్గర నోరు పెట్టి, అరిచినట్టుగా చెప్పాల్సి వచ్చింది. అక్క వింటూ వింటూ చేతిలోని దుప్పటి వదిలేసింది.

"అంటే నాకు రాక కాదన్నమాట" అంది చివరికి.

"కాదక్కా."

"ఇన్నాళ్ళూ నాకు రాదేమో అనుకున్నానే. ఏ బటను తప్పు నొక్కుతున్నానో అని ఒకటికి పదిసార్లు చూసుకునేదాన్ని. రాసేటప్పుడు దీన్ని పక్కన కూర్చోబెట్టుకునేదాన్ని" అని పిచ్చుకను చూపించింది. "దాని చెయ్యి కాలినరోజు ఇంటికెళ్ళి, నా చేతకానితనం వల్లే కదా అని ఏడ్చాను. నోరు మూస్తున్నారని తెలిస్తే అరిచేదాన్ని. మూసినట్టు కూడా తెలియకుండా మూశారు చూడు, అదీ నాకు మండేది."

పిచ్చుక లేచి వచ్చింది. కట్టు కట్టిన చేతిని గుండెకు ఆనించుకుని, ఎడమ చేత్తో టికెట్టమ్మ మోచేయి పట్టుకుంది.

"రేపు కమిటీలో నువ్వు చెప్తావా టికెట్టమ్మా ఇదంతా?"

"నన్ను పిలవలేదు."

"పిలవకపోతే రావా?"

"వస్తాను" అంది టికెట్టమ్మ. "చెప్పడం కాదు, చూపిస్తాను. నేను పైన ఉండి ఫోను చేస్తాను. నువ్వు ఇక్కణ్ణుంచి కమిటీకి మెయిలు కొట్టు. అది రాదు. రాకపోవడం వాళ్ళ కళ్ళతోనే చూస్తారు."

సాయంత్రం పాత భవనం నుంచి ఇంటికి బయలుదేరుతూ ఒకసారి తన పాత గదిలోకి తొంగి చూసింది. అందరూ వెళ్ళిపోయారు. సారు ఒక్కడే ఉన్నాడు, తెర ఆర్పేసి, దాని ముందు ఊరికే కూర్చుని.

"సార్, ఆపినవన్నీ పారేశారా?"

"నేను దేన్నీ పారెయ్యను. నీకు తెలుసు కదా." ఆయన తలెత్తలేదు. "ఆపి ఉంచానంతే."

"అయితే ఉన్నాయి."

"ఇంటికెళ్ళమ్మా" అన్నాడు.

*

కమిటీ గది పై అంతస్తు చివర. పొడుగాటి బల్ల చుట్టూ ఆరుగురో ఏడుగురో ఉన్నారు. గోడకు పెద్ద తెర. బల్ల తలవైపు కమిటీ పెద్ద కూర్చుంది, ఆమె పిల్లల సర్జను. పొట్టి జుట్టు, నెరిసిన మనిషి. ఆపరేషన్ ముగించి నేరుగా వచ్చినట్టుంది, నుదుటి మీద టోపీ గీత ఇంకా పోలేదు. అక్కను పిలవగానే ఆమె వెనకే టికెట్టమ్మా లోపలికి నడిచింది.

"ఈమెను పిలవలేదే" అన్నాడు పరిపాలనాధికారి.

"నాకు తోడు వచ్చింది" అంది అక్క.

సర్జను ఇద్దరి వంకా చూసి, "కుర్చీలు ఖాళీగానే ఉన్నాయిగా" అంది.

పరిపాలనాధికారి మొదలుపెట్టాడు. కడ్డీ ఊడిన సంగతి లాండ్రీ నుంచి ఎవరికీ చేరలేదనీ, చెప్పకుండానే యంత్రం నడిపారనీ, పనిచేసే మనిషి జాగ్రత్తగా లేదనీ. ఎక్కడా గొంతు పెంచలేదు. పత్రికలో వార్త చదివినట్టు చదివాడు.

"నేను రాశాను మేడమ్" అంది అక్క. "చాలాసార్లు రాశాను."

"ఆ మెయిళ్ళను ఆపేశారు మేడమ్" అంది టికెట్టమ్మ. "లాండ్రీ నుంచి మీకు వచ్చేవి సర్వరులో ఆగిపోతున్నాయి. నేను చూశాను."

ఆయన చిరునవ్వు నవ్వాడు. "అలాంటి రూలు ఏదీ ఇప్పుడు మన సర్వరులో లేదు. పొద్దున్నే కంప్యూటర్ల విభాగం నాకు ధ్రువీకరించింది. కావాలంటే తెప్పిస్తాను."

టికెట్టమ్మకు అర్థమైంది. రూలు తీసేశారు. పొద్దున్నే తీసేశారు. ఇప్పుడు కింద నుంచి ఏం పంపినా హాయిగా వచ్చి చేరుతుంది. రాకపోవడం చూపిద్దామని వచ్చిన మనిషి, రావడం చూపించి అక్క గొంతు తనే కోసినట్టవుతుంది. అక్క ఆమె వంక చూసింది. చెప్పు, చెయ్యి అన్నట్టు.

"పరీక్షిద్దామంటున్నట్టున్నారు" అన్నాడు పరిపాలనాధికారి, ఆమె చేతిలోని ఫోను చూసి. "నాకేం అభ్యంతరం లేదు. లాండ్రీ నుంచి పంపమనండి. చేరుతుందో లేదో అందరం చూద్దాం."

పంపమంటే ఇక ఏమీ మిగలదు. కానీ అక్క ఎదురుగా వెనక్కి తగ్గడం ఆమె వల్ల కాలేదు. ఫోను బల్ల మధ్యలో పెట్టి, అందరికీ వినపడేలా నొక్కింది. అవతల యంత్రం రొద, అందులోంచి పిచ్చుక గొంతు.

"కొట్టమంటావా టికెట్టమ్మా?"

"కొట్టు."

"ఉండు. ఒంటి చేత్తో కదా, కాస్త టైము పడుతుంది."

గుమస్తా కమిటీ మెయిలును గోడ తెర మీదికి తెచ్చాడు. అందరూ అటే చూస్తున్నారు. ఫోనులో ఒక అక్షరం తర్వాత ఒక అక్షరం పడుతున్న చప్పుడు వినిపిస్తోంది. సర్జను కలం మూత తీసి మళ్ళీ పెట్టింది.

టింగుమంది.

"చూశారా" అన్నాడు పరిపాలనాధికారి, చేతులు విప్పుతూ. "చేరింది. లాండ్రీ నుంచే. ఇక దీని మీద చెప్పుకోవడానికేముంది?"

"నేనింకా పంపలేదు సార్" అంది ఫోనులో పిచ్చుక.

సర్జను కళ్ళజోడు సవరించుకుని తెర వైపు వంగింది. "ఇది ఇవాళ రాసింది కాదే. ఎండాకాలంలో రాసింది" అని పైకి చదివింది. "ఇస్త్రీ రోలరు అడ్డ కడ్డీ ఊడిపోయింది. తీగతో కట్టారు. ఇట్లా కడితే అది పనిచేయదు. దయచేసి మనిషిని పంపండి. చేతులు పోతాయి."

టింగుమంది మళ్ళీ. ఆ వెంటనే మళ్ళీ. ఒకదాని నెత్తిన ఒకటి వచ్చి పడుతున్నాయి. మనిషి రాలేదు, మళ్ళీ రాస్తున్నాను. తీగ వదులైంది, బిగించుకున్నాం. వంటశాల నుంచి, గ్యాసు వాసన వస్తోందని. పారిశుద్ధ్యం నుంచి, వాడిన సూదులు మామూలు చెత్తలో కలుస్తున్నాయని, ఒకామెకు గుచ్చుకుందని. మళ్ళీ లాండ్రీ నుంచి, ఈసారి ఫొటోలతో.

సర్జను ఒక్కొక్కటీ చదువుతూనే ఉంది. ఒకచోట ఆగి, "ఇది అర్థం కాలేదు" అంది.

"అక్కడ అక్షరం తప్పు పడింది మేడమ్" అంది అక్క. "తీగ అనబోయి తేగ అని కొట్టాను."

ఎవరూ నవ్వలేదు. పరిపాలనాధికారి ఏదో సాంకేతిక లోపమై ఉంటుందని మొదలుపెట్టబోయాడు.

తలుపు తెరుచుకుంది. సారు. లోపలికి రాకుండా గడప దగ్గరే నిలబడ్డాడు. చొక్కా జేబులో కళ్ళజోడు, రెండు చేతులూ ఊరికే కిందికి వేలాడుతున్నాయి.

"లోపం కాదు మేడమ్. ఆపింది నేనే. పరిపాలనాధికారి గారు ఆపమంటే ఆపాను. పొద్దున రూలు తీసెయ్యమన్నారు, తీశాను. ఆగినవాటిని చెరిపెయ్యమని కూడా అన్నారు." కాస్త ఊపిరి తీసుకున్నాడు. "చెరపకుండా వాటిని కమిటీకి వదిలేశాను. ఇంకా కొన్ని రావాలి."

"ఎవరి ముందు మాట్లాడుతున్నారో తెలుసా?" అన్నాడు పరిపాలనాధికారి. మొదటిసారిగా ఆయన గొంతు పెరిగింది.

"తెలుసు సార్" అన్నాడు సారు. టికెట్టమ్మ వైపు మాత్రం చూడలేకపోయాడు.

మెయిళ్ళు రావడం ఆగింది. అప్పుడు ఆఖరిది ఒక్కటి వచ్చింది. పిచ్చుక ఒంటి చేత్తో కొట్టినది. "అందిందా?" అని ఉంది.

సర్జను కుర్చీ వెనక్కి నెట్టి లేచింది. "అందిందని చెప్పండి. వస్తున్నానని కూడా చెప్పండి" అని, తలుపు వైపు నడుస్తూ అక్కను అడిగింది. "కిందికి ఎటు నుంచి దారి?"

*

అందరూ మెట్లు దిగారు. సర్జను ముందు రోలరు దగ్గరికి కాదు, దిండు గలీబుల గుట్ట దగ్గరికి వెళ్ళింది. పిచ్చుక ముందు మోకాళ్ళ మీద కూర్చుని, కట్టు అంచు ఎత్తి చూసింది. వేళ్ళు కదపమంది. పిచ్చుక రెండు వేళ్ళు కదిపింది. మిగతావి కదల్లేదు.

"ఇవాళ్టి నుంచి ఈమె ఇంట్లో ఉంటుంది. రేపు నా గదికి రావాలి. సెలవు కాగితం మీద నేను సంతకం పెడతాను" అంది ఎవరి వంకా చూడకుండా.

తర్వాత యంత్రం దగ్గరికి వచ్చి తీగ కట్లు చూసింది. ఆమె ఏదో అనబోయేలోగా అక్క వెళ్ళి గోడ మీది ఎర్ర బటను నొక్కింది. రోలరు మూలుగుతూ నెమ్మదించి ఆగిపోయింది. ఇంతసేపూ ఆ రొదలో ఎవరికీ వినపడని కుళాయి చుక్కల చప్పుడు బయటపడింది.

"మళ్ళీ ఎప్పుడు నడుపుతావు?" అని అడిగాడు పరిపాలనాధికారి. ఆయన మెట్ల దగ్గరే ఆగిపోయాడు.

"కడ్డీ పెట్టాక."

"అప్పటిదాకా వార్డులకూ థియేటర్లకూ దుప్పట్లెలా?"

"ఇస్త్రీ లేకుండా పంపుతాం సార్" అంది అక్క. యంత్రం ఆగినా ఆమె గొంతు తగ్గలేదు. "ముడతల వల్ల ఎవరూ చావరు."

సర్జను తల ఊపి, పరిపాలనాధికారిని తనతో రమ్మని సైగ చేసి మెట్లెక్కింది. అడుగుల చప్పుడు దూరమైంది. ఆడవాళ్ళు ఒకరినొకరు చూసుకుని, డ్రమ్ము తలుపు తెరిచి తడి దుప్పట్లు బయటికి లాగారు. యంత్రం లేదు కాబట్టి ఒక్కొక్కటీ చేతుల్తో విదిలించి ఆరెయ్యాలి. మనుషులు చాలరు. టికెట్టమ్మ సంచి పక్కన పెట్టి ఒక దుప్పటి కొసలు అందుకుంది.

సారు ఇంకా మెట్ల దగ్గరే ఉన్నాడు. రేపు తన కుర్చీ ఉంటుందో ఊడుతుందో ఆయనకు తెలియదు. పైకి వెళ్ళబోయి, ఆగి, చొక్కా చేతులు మడుచుకున్నాడు. వచ్చి దుప్పటి రెండో వైపు కొసలు పట్టుకున్నాడు. తడి బరువుకు దుప్పటి మధ్యలో వేలాడిపోయింది.

"అట్లా పట్టుకుంటే ఎట్లా సార్" అంది అక్క వెనక నుంచి. "గట్టిగా లాగండి. మీ వైపే వదులుగా ఉంది."